కువైట్ టీవీలో నౌకరు వేషాలు

కువైట్ టెలివిజన్ సీరియళ్లలో నేను ఇరవై ఆరేళ్లు నటించాను. మీరు నన్ను చూసి ఉండరు, చూసినా గుర్తుపట్టరు. డ్రైవరు, వంటవాడు, తోటమాలి, చాయ్ తెచ్చేవాడు, ఒకసారి శవం. రెండు సినిమాల్లో కూడా ఉన్నాను. వాటిలో ఒకదాంట్లో నా వీపు మాత్రమే కనబడుతుంది.

ఇప్పుడు మా రాయచోటి వైపు పిల్లలు హైదరాబాదు వెళ్లి సీరియళ్లలో చిన్న వేషాలు వేస్తున్నారు. మా పక్కింటి నసీమా అలా బయల్దేరుతూ, "మామూ, నువ్వు అన్నేండ్లు చేసినావు గదా, ఏం నేర్సుకోవాల్నో రెండు ముక్కల్లో చెప్పు" అని అడిగింది. రెండు ముక్కల్లో చెప్పలేకపోయాను. అందుకే ఇది రాస్తున్నాను. ఎన్ని ఎపిసోడ్లు చేశాను, ఎవరితో ఫొటో దిగాను అన్నవి వదిలేస్తాను. వాటివల్ల నాకేమీ తెలియలేదు.

మొదటి మాట

నేను నటుణ్ని అవుదామని కువైట్ పోలేదు, డ్రైవరుగా పోయాను. నా కఫీల్‌కు, అంటే వీసా ఇచ్చిన యజమానికి, షర్క్‌లో చేపల మార్కెట్ దగ్గర సీరియళ్లు తీసే ఆఫీసు ఉండేది. నటీనటులను ఇళ్ల నుంచి స్టూడియోకు తీసుకురావడం, తిరిగి దింపడం నా పని.

ఒకరోజు డ్రైవరు వేషం వేయాల్సిన ఈజిప్టు అతను రాలేదు. డైరెక్టరు ఉస్తాద్ ఫహద్ అటూ ఇటూ చూసి, "నువ్వు నిజం డ్రైవరువే కదా, వచ్చి నిలబడు" అన్నాడు. చెప్పాల్సింది ఒక్క మాట: "బాబా, సయ్యారా జాహిజ్." అయ్యా, కారు సిద్ధం అని. రోజూ పొద్దున మా కఫీల్‌తో, ఉస్తాద్ ఫహద్‌తో అనే మాటే. కెమెరా ముందు మాత్రం పదకొండుసార్లు చెప్పినా కుదరలేదు.

ఉస్తాద్ ఫహద్ కోప్పడలేదు. దగ్గరికొచ్చి, "నిన్న పొద్దున నాతో ఈ మాట అన్నావు కదా. అప్పుడు నా ముఖం చూశావా?" అని అడిగాడు.

"లేదు ఉస్తాద్. తాళంచెవి గుత్తిలో చిక్కుకుంటే విడదీసుకుంటున్నాను."

"అయితే ఇప్పుడూ విడదీసుకో."

పన్నెండోసారి సరిపోయింది. పనివాడు ఊరికే నిలబడి మాట్లాడడు. అతని చేతిలో ఎప్పుడూ ఒక పని ఉంటుంది, మాట ఆ పని మధ్యలోంచి వస్తుంది. చిన్న వేషానికి మూలం ఇదేనని నేను ఇప్పటికీ అనుకుంటాను. వేషం చేతికి వస్తే ముందు నీ మాట ఎక్కడుందో వెతక్కు. నీ చేతిలో ఏముందో చూసుకో.

ఏడవకూడని చోట ఏడ్చాను

రెండో ఏడాది నాకు వంటవాడి వేషం వచ్చింది. ఇంటి పెద్ద చనిపోతాడు, ఆయన భార్య శవం పక్కన కూర్చుని మాట్లాడుతుంది. నేను వెనక తలుపు దగ్గర నిలబడాలి, అంతే. భార్యగా వేసింది ఉమ్ బదర్. కువైట్‌లో ఆమె గొంతు తెలియని ఇల్లు ఉండేది కాదు. ముందు రేడియో, తర్వాత టీవీ. ఇరాక్‌లోని బస్రాలో కూడా ఆమె నాటకాలు వినేవాళ్లని చెప్పేవారు.

ఆమె మాట్లాడుతుంటే నాకు మా నాయన గుర్తొచ్చాడు. ఆయన పోయినప్పుడు నేను దగ్గర లేను. వెక్కివెక్కి ఏడ్చాను. కట్ అన్నాక అందరూ మెచ్చుకుంటారని అనుకున్నాను. ఉస్తాద్ ఫహద్ అడిగాడు: "చచ్చింది ఎవరి మొగుడు?"

నాకు అర్థం కాలేదు.

"ఆమె మొగుడు. జనం నీ ఏడుపు చూస్తూ కూర్చుంటే ఆమె ఏడుపు ఎవరు చూస్తారు?"

సిగ్గుపడి బయటికి వెళ్లాను. కారులో ఇంటికి తీసుకెళ్తుంటే ఉమ్ బదర్ వెనక సీట్లోంచి అంది: "ఏడుపు వస్తే మానకు. గోడ వైపు తిరిగి ఏడువు. నీ భుజాలు చాలు నాకు." మర్నాడు అలాగే చేశాను. ఆ సన్నివేశాన్ని చాలామంది మెచ్చుకున్నారు. నా పేరు ఎవరూ ఎత్తలేదు. ఎత్తకపోవడమే సరైంది. ఈ మాట నచ్చనివాళ్లు ఈ పనిలోకి రాకపోవడం మంచిది.

కుమార్

ఇక నేను చేసిన తప్పు.

ఉమ్ బదర్ ఇంట్లో ఈశ్వరమ్మ అని మా వైపు ఆవిడ పనిచేసేది. లక్కిరెడ్డిపల్లె దగ్గరి పల్లె. నాకంటే పదేళ్లు పెద్ద, అక్కా అని పిలిచేవాణ్ని. కారు తీసుకుని వెళ్లినప్పుడల్లా వంటింటి గుమ్మం దగ్గర నాకు చాయ్ ఇచ్చేది. ఆమె అరబీ మాటలన్నిటికీ మన తెలుగు తోక తగిలించేది. తలుపును వాళ్లు బాబ్ అంటే ఈవిడ బాబు అనేది. మఫ్తూహ్ అంటే తెరిచి ఉందని, ఈవిడకు అది మఫ్తూహు. అక్కడ పనివాళ్లు ఇంటి యజమానురాలిని మామా అంటారు. "మామా, బాబు మఫ్తూహు" అంటూ కొంచెం వంగి, చేతులు తుడుచుకుంటూ గబగబా నడిచేది.

ఒక కామెడీ సీరియల్లో నాకు కుమార్ అనే నౌకరు వేషం ఇచ్చారు. ఆ సీరియళ్లలో భారతీయ నౌకరు ఎవరైనా పేరు కుమార్ లేదంటే రాజు. ఇంటి యజమానురాలు ఉమ్ బదర్. ఎపిసోడ్‌కు ఒకసారి కుమార్ ఏదో పాడుచేస్తాడు, ఆమె "యా హిమార్", ఓరి గాడిదా, అని చెప్పు తీసుకుని తరుముతుంది. నాకు ఆ వేషం ఎలా చేయాలో తోచలేదు. రిహార్సల్‌లో ఉన్నట్టుండి ఈశ్వరమ్మక్క నడకా, ఆమె మాటా తెచ్చి పెట్టాను. సెట్లో ఉన్నవాళ్లు పడి పడి నవ్వారు.

అది చాలా బాగా ఆడింది. కువైట్ పిల్లలంతా "మామా, బాబూ మఫ్తూహూ" అనుకుంటూ తిరిగారు. రోడ్డు మీద జనం నన్ను కుమార్ అని పిలిచి చేతులు ఊపేవాళ్లు. నేను పొంగిపోయాను. ఈశ్వరమ్మక్క చాయ్ ఇవ్వడం మానలేదు, ఏమీ అనలేదు. ఆమెకు నచ్చిందనే అనుకున్నాను. నిజం చెప్పాలంటే, అడగాలనే ఆలోచన కూడా రాలేదు.

ఉమ్ బదర్‌కు నౌకరు వేషం నేర్పడం

తొంభైలో ఆగస్టు నెల మొదట్లో ఇరాక్ సైన్యం కువైట్‌లోకి వచ్చింది. మా కఫీల్ కుటుంబంతో అప్పటికే ఎండలకు లండన్ వెళ్లి ఉన్నాడు. నా పాస్‌పోర్టు ఆయన దగ్గరే ఉంది. స్టూడియో మూతపడింది. నేను మంగఫ్‌లో కూలీలుండే బిల్డింగులో ఉండేవాణ్ని. అక్కడందరూ బియ్యం కలిపి వండుకుంటూ, ఎప్పుడు ఎలా బయటపడాలా అని మాట్లాడుకుంటున్నారు.

రెండో వారంలో నేను ఉమ్ బదర్‌ను చూడ్డానికి షర్క్ వెళ్లాను. ఇంట్లో ఆమె, ఈశ్వరమ్మక్క మాత్రమే ఉన్నారు. కొడుకూ మనవరాళ్లూ సెలవులకు బయట దేశం వెళ్లి అక్కడే చిక్కుకుపోయారు. ఆక్రమించినవాళ్ల తరఫున ఎవరో వచ్చి, రేడియోలో తమను మెచ్చుకుంటూ నాలుగు మాటలు మాట్లాడమని కబురు చెప్పి పోయారట. మళ్లీ రెండు రోజుల్లో కారు పంపుతామన్నారట.

"నేను మాట్లాడను. కానీ ఈ గొంతుతో ఎక్కడ దాక్కోను?" అంది ఉమ్ బదర్.

ఈశ్వరమ్మక్క నా వైపు తిరిగి తెలుగులో అంది: "మన మంగఫ్‌కు తోల్కపోదాం అబ్బీ. కూలోళ్ల రూముల్లో ఈమెను ఎవురు ఎతుకుతారు?"

"దావలో చెక్‌పోస్టులుండాయి గదక్కా."

"నా గుడ్డలు ఏసుకుంటుంది. మీ రాయచోటి సాయిబుల ముసలామె అని చెప్దాం. చెవుడు, నోరు లేదు. నాకు తోడు పనామె."

ఉమ్ బదర్‌కు అరబీలో చెప్పాను. ఆమె నవ్వలేదు. ఏ బట్టలు అని అడిగింది. ఆమెది మన చామనఛాయే. నూలు గౌను తొడిగి, తలకు మాసిన ఓణీ చుడితే దూరం నుంచి నిజంగానే మా ఖాలాలా, అంటే మా పిన్నమ్మలా ఉంది. దగ్గరికొస్తే మాత్రం మహారాణి. వీపు నిటారుగా ఉంది. ఎదుటివాళ్ల కళ్లలోకి సూటిగా చూస్తోంది. ముప్పై ఏళ్లు ప్రతి నాటకంలో ఇంటికి యజమానురాలిగా ఉన్న మనిషి.

ఆ రోజంతా ఆమెకు నేర్పాను. నా జీవితంలో నేను డైరెక్షన్ చేసింది అదొక్కటే.

"మామా, మనుషుల ముఖంలోకి చూడొద్దు."

"మరి ఎక్కడ చూడను?"

"చేతిలోకి. ఏదో ఒకటి పట్టుకుని ఉండండి."

"కూర్చున్నప్పుడు?"

"మొత్తం కూర్చోవద్దు. లేవమంటే లేవడానికి సిద్ధంగా, అంచున కూర్చోండి."

ఆమె ప్రయత్నించింది, సరిగా రాలేదు. మళ్లీ చేసింది. ఈశ్వరమ్మక్క ఆమె చేతులను అంట్లు తోమే పొడితో రుద్ది, నీళ్లలో నానబెట్టి, మళ్లీ రుద్దింది. సాయంత్రానికి గోళ్ల దగ్గర చర్మం లేచింది. మధ్యలో ఉమ్ బదర్ ఈశ్వరమ్మను అడిగింది: "నువ్వు రోజంతా ఇలాగే ఉంటావా, కాళ్లు లాగవా?"

ఈశ్వరమ్మక్క నాతో అంది: "లాగుతాయని చెప్పు."

పెద్ద వేషాలు వేసినవాళ్లకు చిన్న వేషం సులువని చాలామంది అనుకుంటారు. నేను కళ్లారా చూశాను, అది సులువు కాదు.

ఫహాహీల్ దారిలో

మర్నాడు పొద్దున పది గంటలప్పుడు మంగఫ్‌కు పోయే ఫహాహీల్ రోడ్డున బయల్దేరాం. ఆఫీసు వాళ్ల పాత వ్యాను. ముందు నేను, వెనక వాళ్లిద్దరూ. ఉమ్ బదర్ ఒళ్లో చిక్కుడుకాయల గిన్నె పెట్టాం. గింజలు ఒలుస్తూ ఉండమని చెప్పాను.

మొదటి రెండు చెక్‌పోస్టుల్లో మమ్మల్ని హిందీలని, అంటే ఇండియావాళ్లమని చూసి పొమ్మన్నారు. మూడో దాని దగ్గర నలుగురు సైనికులున్నారు. వాళ్లలో ఒకడు కిటికీలోంచి తొంగిచూసి నా ముఖం వైపు వేలు చూపించాడు.

"నువ్వు కుమార్ కదూ?"

అన్నేళ్లలో నన్ను ఎవరూ గుర్తుపట్టకూడదని కోరుకున్నది ఆ ఒక్కరోజే. వాడిది బస్రా అట. ఇంట్లో అమ్మతో కూర్చుని ఆ సీరియల్ చూసేవాడట. మిగతా ముగ్గుర్నీ కేకేసి పిలిచాడు. దిగమన్నాడు. దిగాను.

"అను. ఆ తలుపు మాట అను."

అన్నాను. నడిచి చూపించమన్నాడు. తారు రోడ్డు మీద, ఎండలో, వంగి గబగబా నడిచాను. నవ్వారు.

"మీ మామా ఏది? నిన్ను చెప్పుతో తరిమే ఆవిడ?"

"మామా సౌదీ పారిపోయింది సార్. నన్ను గిన్నెలతో వదిలేసి."

మళ్లీ నవ్వారు. ఇంక పొమ్మంటారని అనుకున్నాను. వాడు వ్యాను వెనక తలుపు జరిపాడు. "ఈ ఇద్దరిలో ఒకరు మామా అవ్వాలి. ఆ ముసలిదాన్ని దించు. నిన్ను తిట్టమను." వాడి వేలు ఉమ్ బదర్ వైపే ఉంది.

ఆమె తల ఎత్తలేదు, గింజలు ఒలుస్తూనే ఉంది. అంతకుముందు రోజు ఎంత చెప్పినా రాని భంగిమ అప్పుడు వచ్చింది.

"ఆమెకు చెవుడు సార్, మాట రాదు" అన్నాను.

ఈశ్వరమ్మక్క ఉమ్ బదర్ కాళ్లు దాటుకుని కిందికి దిగింది. కాలి చెప్పు తీసి పట్టుకుంది. "యా హిమార్" అంది.

అది అచ్చం ఉమ్ బదర్ గొంతు. పదకొండేళ్లు ఆ గొంతు వింటూ పనిచేసిన మనిషి. సైనికులు ఒక్కసారిగా చప్పట్లు కొట్టారు. ఆమె చెప్పుతో నా వీపు మీద ఒకటి వేసి తెలుగులోకి దిగింది.

"ఒరే మస్తానుగా, నా నోట్లో మాట ఎత్తకపోయి టీవీలో పెట్టుకుంటివి గదరా. నేను మాట్లాడితే నీకంత నగుబాటైపాయనా? ఆ ఇంట్లో పిల్లోళ్లు నన్ను పేరు పెట్టి పిల్సడం మానేసినారు, తెలుసునా నీకు? కుమారూ, కుమారూ అంటారు. వాళ్లకు నేను ముడ్డి కడిగినా. నేను నడ్సిపోతాంటే ఎనకాల్నే వంగి నడ్సి ఎక్కిరిస్తారు. అది నువ్వు నేర్పిచ్చిందే గదరా. యా హిమార్. నన్నొక మాట అడిగితివా? నా చేతి చాయ్ తాగినప్పుడన్నా అడిగితివా?"

మధ్య మధ్యలో చెప్పుతో కొడుతోంది. సైనికులకు తెలుగు రాదు. "యా హిమార్" వచ్చినప్పుడల్లా నవ్వుతున్నారు. నేను కుమార్‌లాగే చేతులు అడ్డం పెట్టుకుని అటూ ఇటూ గెంతాను. ఆపితే అందరం పోతాం. గెంతుతూనే ఆమె ప్రతి మాటా విన్నాను.

బస్రా వాడు కళ్లు తుడుచుకుని, "అచ్చం ఆవిడే" అన్నాడు. "యల్లా, పొండి."

చెక్‌పోస్టు కనబడనంత దూరం నడిపాను. తర్వాత ఉమ్ బదర్ ముందుకు వంగి, చాలా మెల్లగా అడిగింది: "నా గొంతు అంత కటువుగా ఉంటుందా?"

ఈశ్వరమ్మకు ప్రశ్న అర్థమైంది. చెప్పు తొడుక్కుంటోంది.

నేను తెలుగులో అడిగాను. "అక్కా, అదంతా నిజంగానే అన్నావా?"

"ఏందో, నోటికి వచ్చింది అన్నా. నువ్వు దావ సూసుకోని నడుపు."

మంగఫ్ చేరాక, వ్యాను ఆపాక, మళ్లీ అదే అడిగాను. "నిజమే అబ్బీ" అంది. తప్పైపోయిందక్కా అన్నాను. "ఆ మాట రెండేండ్ల కిందట అనింటే బాగుండు" అని గిన్నె తీసుకుని లోపలికి పోయింది.

తర్వాత

ఉమ్ బదర్ మంగఫ్‌లో కడప ఆడవాళ్ల గదిలో మూడు వారాలుంది. రొట్టెల క్యూలో ఈశ్వరమ్మ పక్కన నిలబడేది. ఒకరోజు ఆమె చుట్టాలబ్బాయి వచ్చి ఎడారి దారిన సౌదీకి తీసుకెళ్లాడు. వెళ్లేముందు ఆమె ఈశ్వరమ్మ రెండు చేతులూ పట్టుకుంది. తర్వాత కొన్నాళ్లకు మేం ఎంబసీ ఇచ్చిన కాగితాలతో బస్సుల్లో బస్రా, బాగ్దాద్ మీదుగా జోర్డాన్ చేరి, డేరాల్లో పడుండి, విమానంలో బొంబాయికి వచ్చాం. ఈశ్వరమ్మక్క మళ్లీ కువైట్ పోలేదు. నాలుగు గేదెలు పెట్టుకుని ఊళ్లోనే ఉండి, అక్కడే పోయింది.

నేను మాత్రం మళ్లీ కువైట్ పోయాను. రెండేళ్ల తర్వాత అదే కఫీల్, అదే ఆఫీసు. అప్పుడు ఆ రోజుల మీద ఒక సీరియల్ తీశారు. ఉమ్ బదర్ తన సంగతి కొత్త డైరెక్టరుకు చెప్పింది. అతను శ్రద్ధగా విన్నాడు. తీసినప్పుడు మాత్రం ఆమెను కాపాడింది ఒక మేనల్లుడయ్యాడు. ఈశ్వరమ్మ లేదు, నేనూ లేను. ఆమె పోట్లాడింది, కుదరలేదు. నేను పోట్లాడలేదు. చిన్న వేషం వేసేవాడికి కథ మీద హక్కు ఉండదు. అది న్యాయమని అనను, ఉన్న సంగతి చెబుతున్నాను.

కుమార్ వేషం మళ్లీ వేశానా? వేశాను. కడుపుకోసం కూడా, ఆ పని ఇష్టమై కూడా. కానీ మొదటి రోజు ఉమ్ బదర్ స్క్రిప్టు చదివి, "చెప్పు ఉండదు" అంది. ఎవరూ ఎదురు చెప్పలేదు. నేను ఆ నడక మానేశాను, ఆ మాటతీరు మానేశాను. నవ్వు తగ్గింది. కుమార్‌ను తగ్గించారు. రెండో ఏడాదికి నాకు ఎపిసోడ్‌కు ఒక్క సన్నివేశం మిగిలింది.

ఒక ఎపిసోడ్‌లో కుమార్ ఇంటికి ఫోన్ చేస్తాడు. వెనకాల యజమానురాలు పెళ్లి మాటలు మాట్లాడుతుంటుంది. స్క్రిప్టులో "కుమార్ హిందీలో ఏదో అంటాడు" అని ఉంది. డైరెక్టరును అడిగాను, నా భాషలో మాట్లాడనా అని. "ఎవరికి అర్థమవుతుంది? నీ ఇష్టం" అన్నాడు. ఉమ్ బదర్ తన మాటలు కాసేపు ఆపి, నాకు చోటిచ్చింది. కెమెరామాన్ కెమెరాను నా వైపు తిప్పాడు. అమ్మతో మాట్లాడినట్టే మాట్లాడాను. మోకాళ్లు ఎట్లుండాయి, వానలు పడినాయా, గొర్రెలకు మేత ఉండాదా అని. అర నిమిషం కూడా లేదు.

అది ప్రసారమైన వారం, మంగఫ్ కొట్లో పాల డబ్బాలు కొంటున్నాను. ఒకామె దగ్గరికొచ్చింది. పులివెందుల వైపు మాట. అరబ్బుల ఇంట్లో పనిచేస్తుందట.

"టీవీలో మాట్లాడింది నువ్వేనా అన్నా?"

నేనే అన్నాను. నడక చేసి చూపించమంటుందేమోనని భయపడ్డాను.

"మా మామా నన్ను వంటింట్లో నుంచి పిల్సింది. వాడు ఏం మాట్లాడతాండాడు చెప్పు అనింది. నేను నిలబడే చెప్పబోతే, ఈడ కూచ్చోని చెప్పు అని సోఫా సూపిచ్చింది."

"కూచ్చున్నావా?"

"కూచ్చున్నా. వాళ్లమ్మను మోకాళ్లు ఎట్లుండాయి, వానలు పడినాయా అని అడుగుతాండాడని చెప్పినా." ఆమె పాల డబ్బా తీసి తారీఖు చూసుకుంటూ అంది. "అంతేనా అనింది. అంతే అన్నా. మీ అమ్మకు ఎట్లుంది అని అడిగింది."